విలన్ హుర్షిత్ గారి గొంతు

హుర్షిత్ పోయాడని అతని భార్య నెబాహత్ ఫోన్ చేసేసరికి నా కాఫీ పొంగు మీద ఉంది. ముందు కాఫీ దించాను. కప్పులో పోసుకున్నాను. ఆ తర్వాతే "అయ్యో" అన్నాను. ఆ అయ్యో కూడా నెబాహత్ కోసమే గానీ పోయినవాడి కోసం కాదు.

"రేపు మధ్యాహ్నం నమాజు కాగానే, మన పేట మసీదులో. మీరు రావాలి రిఫ్కీ అన్నయ్యా" అంది.

"చూస్తానమ్మా. మోకాళ్లు సహకరించడం లేదు."

"మీ మోకాళ్ల సంగతి నాకు తెలుసు, నిన్న చేపల బజారులో చూశాను. సాకులు చెప్పకండి. ఎవరు హలాల్ చెప్పినా చెప్పకపోయినా ఒకటే. మీరు చెప్పకపోతే మాత్రం ఆయన ఆ గుంటలో కుదురుగా పడుకోలేడు. ఎందుకో మీకూ తెలుసు, నాకూ తెలుసు."

ఫోన్ పెట్టేసింది. కాఫీ చేదుగా ఉంది.

మా దగ్గర శవాన్ని మసీదు ముంగిట రాతి బల్ల మీద ఉంచి, ఇమాం అక్కడున్నవాళ్లను రెండు ప్రశ్నలు అడుగుతాడు. ఈ మనిషి ఎలాంటివాడు? మంచివాడు అనాలి. ఈయన మీద మీకున్న హక్కులు వదులుకుంటున్నారా? హలాల్ అనాలి. పోయినవాడు ఎంతటి దుర్మార్గుడైనా మనవాళ్లు ముక్కు చీదుకుంటూ మంచివాడు, మంచివాడు అంటారు. నాకు ఆ అలవాటు మీద ఎప్పుడూ చిరాకే. బతికున్నప్పుడు వాడు మన మెడ మీద కూర్చుంటే దింపేవాడు ఒక్కడూ ఉండడు. చచ్చాక మాత్రం అందరికీ గుండె కరుగుతుంది.

హుర్షిత్ నాకంటే వయసులో పెద్దవాడు. అయినా ఇక్కడ వాడు అనే అంటాను. హుర్షిత్ గారూ, హుర్షిత్ గారూ అంటూ సగం జీవితం గడిచిపోయింది. ఇక చాలు.

వాడి తండ్రి కస్తమోను వైపు పల్లెలో తాళ్లు పేనేవాడు. వాడు ఇస్తాంబుల్ వచ్చి బెయోలూలో ఒక మంగలి షాపులో కుదిరాడు. ఒకరోజు గడ్డం గీయించుకుంటున్న డైరెక్టర్ అద్దంలో వాడి మొహం చూసి, సగం గడ్డంతోనే లేచి, "నువ్వు మనిషిని చంపగలవా?" అని అడిగాడట. "మీ గడ్డం పూర్తయ్యాక చెబుతానండీ" అన్నాడట వీడు. ఈ కథ చెప్పింది హుర్షితే కాబట్టి సగం అబద్ధమని నా లెక్క.

మొహం మాత్రం మొహమే, అది ఒప్పుకుంటాను. పైకి పొడుచుకొచ్చిన దవడ ఎముకలు, లోపలికి పోయిన కళ్లు. వాడు కళ్లు సన్నం చేసి చూస్తే చాలు, ఆరుబయట తెర కట్టే వేసవి సినిమా తోటల్లో పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతున్న జనం కొరకడం ఆపేసేవాళ్లు. దేవుడు ఆ మొహాన్ని విలన్ కోసమే చెక్కాడు. గొంతు దగ్గరికి వచ్చేసరికి ఆయన చెయ్యి జారింది.

నోరు తెరిస్తే పిల్లికూన. సన్నగా, కీచుగా, ముక్కులోంచి, పైగా పల్లెటూరి యాస. అప్పట్లో సినిమా కంపెనీలన్నీ ఉండే మా యెషిల్‌చామ్ వీధిలో సినిమాలన్నీ మూగగానే తీసేవాళ్లు. కెమెరా కింద ఒకడు మోకాళ్ల మీద కూర్చుని డైలాగు చదివేవాడు, నటుడు వాడి వెనకాలే పెదవులు కదిపేవాడు. ఆ తర్వాత మేం, అంటే నాటకాల్లోంచి వచ్చినవాళ్లం, నేలమాళిగలో తివాచీలు వేలాడగట్టిన చీకటి గదిలో నిలబడి ఆ పెదవులకు గొంతు పెట్టేవాళ్లం. హీరోకి ఒకడు, హీరోయిన్‌కి ఒకావిడ, హీరోయిన్ తల్లికీ పక్కింటావిడకీ పాలవాడి పెళ్లానికీ కలిపి మరొకావిడ. అది మా పని. తెర మీద మా పేర్లు వేయరు. దాని గురించి నేనెప్పుడూ ఏడవలేదు, అందరి గతీ అదే కాబట్టి.

హుర్షిత్ మొదటి సినిమాకి వాడి గొంతు వాడే పెట్టుకుంటానని పట్టుబట్టాడు. నిర్మాత నామిక్ గారు రెండు మాటలు విని చెవులు మూసుకున్నారు. "ఈ మొహానికి ఈ గొంతేంట్రా! పైనున్నాయన పార్శిళ్లు మార్చేశాడా ఏంటి?" అన్నారు. అందరూ పగలబడి నవ్వారు. నేనూ నవ్వాను. అప్పుడు నామిక్ గారు నన్ను వేలితో పిలిచి, "నాటకాల్లో రాజుల వేషాలు వేసేవాడివి కదూ? ఇలా వచ్చి వీణ్ణి మనిషిని చెయ్యి" అన్నారు.

చేశాను. గొంతును గుండె కిందికి దించి, మాటకూ మాటకూ మధ్య కాస్త విషం ఆరబెట్టి మాట్లాడాను. సినిమాల్లో వాడికి పేరు తెచ్చిన ఆ నవ్వు కూడా నేను కట్టిందే. రెండుసార్లు నవ్వి ఊపిరి ఆపాలి. ఇక అయిపోయిందని జనం అనుకునేలోపు మూడోది వదలాలి. "ఏడవకు పిల్లా, ఇంకా మొదలే కాలేదు" అని ఆ నవ్వు నవ్వితే అదానాలో గర్భిణులు హాలు వదిలి వెళ్లిపోయారని పేపర్లో వచ్చింది. పేపర్లో ఫోటో ఎవరిది? హుర్షిత్‌ది. ఆ పేపరు వాడు చొక్కా జేబులో మడిచి పెట్టుకుని, అది నలిగి చిరిగిపోయేదాకా తిరిగాడు.

అప్పటి నుంచి ఎండాకాలంలో కూడా వాడి మెడకు ఉన్ని మఫ్లరే. వీధిలో ఎవరైనా పలకరిస్తే గొంతు దగ్గర రెండు వేళ్లు ఆనించి, జలుబు అన్నట్టు సైగ చేసేవాడు. ఏళ్ల తరబడి తగ్గని ఆ జలుబు గురించి మా డబ్బింగ్ గదిలో తెగ నవ్వుకునేవాళ్లం. నాకు ఒళ్లు మండేది మాత్రం వేరే దానికి. నా ముందు కూడా వాడు అదే నాటకం ఆడేవాడు. టీకొట్లో నేను ఎదురుగా కూర్చుని ఉండగానే ఎవడో వచ్చి "మీ గొంతుకు దండం పెట్టాలి హుర్షిత్ గారూ" అంటే, చెయ్యి గుండె మీద పెట్టుకుని, కళ్లు మూసుకుని, ఆ దండం అందుకునేవాడు. నా వైపు ఓరగా కూడా చూసేవాడు కాదు.

పాపం నెబాహత్ కూడా మోసపోయినదే. ఆమె సినిమా హాల్లో టికెట్లు చింపే పిల్ల. తలుపు తెర వెనక నుంచి రోజూ ఆ గొంతు విని విని వాణ్ణి చేసుకుంది. ఒకసారి నాకు టీ ఇస్తూ, "నేను సగం మిమ్మల్నే చేసుకున్నాను అన్నయ్యా. అన్నం తినే సగం మాత్రం ఈయన వచ్చాడు" అంది. హుర్షిత్ పక్కనే కూర్చుని పిల్లికూన గొంతుతో "ఉప్పు తక్కువైంది" అన్నాడు.

తర్వాత వాడు రచయిత కూడా అయ్యాడు. అప్పట్లో రచయిత కావడం పెద్ద కష్టమేం కాదు. అదానా పంపిణీదారుకి కొట్లాట కావాలి, సామ్సున్ ఆయనకి ప్రార్థన కావాలి, ఇజ్మీర్ ఆయనకి పెళ్లికూతురు ఏడవాలి. మూడూ కలిపి వారంలో ఇస్తే సరి. హుర్షిత్ చిన్నవేషాల వాళ్లు పని కోసం కాచుకునే టీకొట్లో కూర్చుని రాసేవాడు. చెవులు మాత్రం పక్క బల్లల మీదే. అందుకే వాడి దగ్గర ఎవరూ నిట్టూర్చేవాళ్లు కాదు. నిట్టూరిస్తే సీను అయిపోతుంది.

లైట్లు పట్టే సబ్రీకి ఆ సంగతి తెలియదు. పెళ్లాం ఇల్లు వదిలిపోయిందని, వెళ్తూ వెళ్తూ పిల్లాడి బూట్లు గుమ్మంలో వరసగా పెట్టి వెళ్లిందని హుర్షిత్ ముందు చెప్పుకుని ఏడ్చాడు. హుర్షిత్ వాడికి టీ ఇప్పించాడు, భుజం కూడా తట్టాడు. ఆ వారం తిరక్కుండానే సెట్లో గుమ్మం, గుమ్మంలో బూట్లు, సూట్‌కేసుతో ఒక నటి. లైటు పట్టాల్సింది సబ్రీయే. ఆ బూట్లు చూడలేక వాడు మొహం తిప్పుకున్నాడు, లైటు పక్కకి ఒరిగింది.

"నీడ కదులుతోంది, సరిగ్గా పట్టుకోరా!" అని అరిచాడు హుర్షిత్ ఆ కీచుగొంతుతో. మూగగా తీసే సినిమా కదా, ఎంత అరిచినా పర్వాలేదు.

సబ్రీ లైటు రెండు చేతులతో పట్టుకున్నాడు. నేను పక్కనే ఉన్నాను.

ఊళ్ల తిరుగుళ్లు ఇంకో నరకం. సినిమా బాగా ఆడే ఊళ్లో హుర్షిత్ వేదిక ఎక్కి జనానికి కనిపించాలి, ఆ డైలాగు చెప్పాలి. వాడు పెదవులు కదిపేవాడు. తెర వెనక దోమల మధ్య మైకు పట్టుకుని గొంతు నేనిచ్చేవాణ్ణి. అదానాలో ఒక ముసలమ్మకి సినిమాకీ నిజానికీ తేడా తెలియదు. లేచి నిలబడి చెప్పు విసిరింది. "ఆ పిల్లని అన్ని మాటలంటావా! నీ గొంతు పడిపోను!" అంది. చెప్పు హుర్షిత్ భుజానికి తగిలింది. శాపం మాత్రం తెర చీల్చుకుని వచ్చి నాకు తగిలింది. హుర్షిత్ ఆ చెప్పును పొట్లం కట్టించుకుని ఇస్తాంబుల్ తెచ్చి షోకేసులో పెట్టుకున్నాడు. అది చూడని విలేకరి లేడు.

ఇవన్నీ నేను మింగాను. మింగలేనిది మా అమ్మ సంగతి.

మా అమ్మ ఎస్కిషెహిర్‌లో ఉండేది. నాన్న రైల్వేలో బొగ్గు వేసి వేసి తొందరగా పోయాడు. అమ్మకు చదువు రాదు. నేను వెళ్లినప్పుడల్లా పేపరు తెచ్చి మొదటి పేజీ నుంచి చావు ప్రకటనల దాకా పైకి చదివి వినిపించాలి. కళ్లు మూసుకుని వినేది. "వార్తలదేముంది, ఎప్పుడూ ఉండే చెత్తే. నీ గొంతు ఇంట్లో ఉంటే మీ నాన్న వచ్చి కూర్చున్నట్టుంటుంది" అనేది.

ఇరుగుపొరుగు మాత్రం ఊరుకునేవాళ్లు కాదు. "మీవాడు సినిమాల్లో ఉన్నాడంటావు, ఎప్పుడూ కనపడడేం? హాల్లో లైట్లు ఆర్పే ఉద్యోగమా?" అని దెప్పేవాళ్లు. అమ్మకి డబ్బింగ్ గురించి ఎంత చెప్పినా తలకెక్కదు. "ఒక్కసారి కనపడరా నాయనా. నడుచుకుంటూ వెళ్లిపోయినా చాలు. ఆ పక్కింటి ఫెరిహా నోరు మూతపడాలి" అని అడిగింది.

అమ్మ కోసం నేను హుర్షిత్‌ని అడిగాను. మొదటిసారి, చివరిసారి కూడా అదే. వాడు మఫ్లరు సవరించుకుని, "రాస్తాను. మంచి వేషమే రాస్తాను. మీ అమ్మకి కబురు పంపు" అన్నాడు.

పంపాను. అమ్మ వీధి వీధంతా చెప్పుకుంది.

ఆ సినిమా పేరు 'కొండ సత్రం'. సత్రం కాపలావాడి వేషం నాది. షూటింగుకి వెళ్లాక కాగితాలు ఇచ్చారు. ముందుకీ వెనక్కీ తిప్పి చూశాను. నా పాత్ర పేరు చాలాచోట్ల ఉంది. మాటలు ఒక్కచోట కూడా లేవు.

"హుర్షిత్ గారూ, నా మాటలేవి?"

"మాటలేంటి? మూగవాడివి కదా."

"మూగవాడా? ఎందుకు?"

వాడు నన్ను పక్కకి తీసుకెళ్లాడు. చంటిపిల్లాడికి చెప్పినట్టు నెమ్మదిగా చెప్పాడు. "ఆలోచించు రిఫ్కీ. నువ్వు నోరు తెరిస్తే ఏ గొంతు వస్తుంది? నా గొంతు. ఒకే సినిమాలో ఒకే గొంతుతో ఇద్దరు మాట్లాడితే జనం కుర్చీలు విరగ్గొడతారు."

"మీ గొంతా?" అన్నాను.

"జనం దృష్టిలో" అన్నాడు, కనురెప్ప కూడా కదపకుండా.

"అయితే నాకు ఇంకెవరి చేతనైనా మాట్లాడించండి."

"బాగుంది! మీ అమ్మ అంత దూరం వచ్చి, కొడుకు నోట్లోంచి ఎవడో పరాయివాడి గొంతు వింటుందా? అంతకంటే మూగతనమే మేలు కదా."

వెధవ, జవాబు లేని మాటలు చూసి చూసి మాట్లాడేవాడు.

ఒక సీనులో వాడు నన్ను తన్నాలి. కాగితం మీద నా పాత్రకు రాసింది ఇంతే: తన్ను తిన్నాక లేచి, చెయ్యి గుండె మీద పెట్టి తల వంచుతాడు. వాడు నిజంగానే తన్నాడు. నేను లేచాను, చెయ్యి గుండె మీద పెట్టాను, తల వంచాను. ఏం చెయ్యను, మాటలు లేవుగా.

అసలు తన్ను డబ్బింగ్ గదిలో తగిలింది. ఆ ముక్క తెర మీద తిరుగుతోంది. అక్కడ కింద పడి ఉన్నది నేను. మైకు ముందు నిలబడ్డదీ నేనే. హుర్షిత్ మాటలు నేను చెప్పాలి. "థూ కుక్కా! మాట కూడా నేర్పకుండా కన్నదెవతిరా నిన్ను?"

"హుర్షిత్ గారూ, ఆ రెండో ముక్క మారుద్దాం. తల్లిని లాగొద్దు" అన్నాను.

"పెదవులు చూడు. నేను ఆ మాటే అన్నాను. వేరేది పెడితే కుదరదు" అన్నాడు. నామిక్ గారు గడియారం చూసుకుంటున్నారు. గంటల లెక్కన అద్దెకు తీసుకున్న గది. హుర్షిత్ నా పక్కకి వచ్చి, "విషం తగ్గించకు. నన్ను తిట్టినట్టు తిట్టు" అని గుసగుసలాడాడు.

తిట్టాను. చాలా బాగా వచ్చిందన్నారు.

ఎస్కిషెహిర్‌లో ఆ సినిమా వచ్చిన ఆదివారం నేనూ వెళ్లాను. అమ్మ పండక్కి కట్టుకునే కోటు వేసుకుంది. పక్కింటి ఫెరిహాని, ఇంకా నలుగురు ఆడవాళ్లని వెంటేసుకుని ముందు వరసలో కూర్చుంది. నేను తెర మీదికి రాగానే "అదిగో, అదిగో నా కొడుకు!" అని లేచి నిలబడింది. వెనక నుంచి కూర్చోమని కేకలు. కూర్చుంది. నేను దీపం పట్టుకుని సత్రం మెట్లు దిగుతుంటే అమ్మ ఫెరిహా మోకాలు గట్టిగా పట్టుకుంది.

హుర్షిత్ నోరు తెరిచాడు. అమ్మ తల ఒక్కసారి నా వైపు తిరిగింది. మళ్లీ తెర వైపు తిరిగింది. నేను పుట్టినప్పటి నుంచీ అమ్మ విన్న గొంతు, ఆవిడకి ఎవరూ చెప్పక్కర్లేదు. ఆ తర్వాత తన్ను, ఆ తర్వాత ఆ తిట్టు. ఫెరిహా "అయ్యో, మీవాడు మూగవాడా?" అని పైకే అడిగింది. అమ్మ ఆమె మోకాలు వదిలేసింది.

ఇంటికి వచ్చాక కోటు విప్పి, మడత పెట్టి, అప్పుడు అంది. "నీ గొంతుతోనే నిన్ను తిట్టించాడు. నీ గొంతుతోనే నన్నూ తిట్టించాడు. ఎవడు వాడు?"

"నటుడమ్మా. వాడే రాశాడు."

"వాణ్ణి నేను వదలను" అంది. ఆవిడ అంత చల్లగా మాట్లాడటం నేనెప్పుడూ వినలేదు. "ఆ లోకంలో వాడు కనపడితే నా రెండు చేతులూ వాడి కాలరు మీదుంటాయి."

మర్నాడు పొద్దున్న ఎప్పటిలాగే పేపరు విప్పాను. అమ్మ చెయ్యి చాపి పేపరు తీసేసుకుంది. "వద్దులే నాయనా, నేనే చూసుకుంటాను" అంది. కిటికీ దగ్గర కూర్చుని, అక్షరం ముక్క రాని మనిషి, పేజీలు తిప్పుతూ బొమ్మలు చూసింది. పోయేదాకా మళ్లీ నన్ను చదవమని అడగలేదు.

ఇదీ హుర్షిత్ నాకు చేసింది. మిగతావన్నీ వదిలెయ్యమంటే వదిలేస్తాను.

ఆ తర్వాత కూడా వాడికి గొంతు పెట్టాను. పెట్టక ఏం చేస్తాను, తిండి అక్కడే ఉంది. క్రమంగా సినిమాలు తగ్గాయి, ఉన్నవి కూడా చూడలేనట్టు తయారయ్యాయి. యెషిల్‌చామ్ వీధిలో ఆఫీసులు మూసేసి లైట్ల కొట్లు పెట్టారు. పాత సినిమాల ప్రింట్లు కొన్ని ఏమైపోయాయో కూడా ఎవరికీ తెలియదు. అంతా అయిపోయిందనుకునేసరికి టీవీ ఛానళ్లు వచ్చాయి. పొద్దున లేస్తే పాత సినిమాలే. కొత్త పిల్లలు కూడా "ఏడవకు పిల్లా" అని బళ్లో ఒకళ్లనొకళ్లు వెక్కిరించుకునేవాళ్లు. హుర్షిత్‌కి మళ్లీ రోజులొచ్చాయి.

ఒక ఛానల్ వాణ్ణి పిలిచింది. ప్రత్యక్ష ప్రసారం. మెడకు పట్టు మఫ్లరు, ముసలి సింహంలా కూర్చున్నాడు. నేను ఇంట్లో ఒంటరిగా చూస్తున్నాను. యాంకరు పిల్ల "ఒక్కసారి, మా కోసం, ఆ డైలాగు" అని చేతులు జోడించింది. తప్పించుకునే దారి లేదు. వాడు నోరు తెరిచాడు. "ఏడవకు పిల్లా" అన్నాడు.

పిల్లికూన.

స్టూడియోలో కూర్చున్న జనం పగలబడి నవ్వారు. ఆయన తమాషా చేస్తున్నాడనుకున్నారు. ఆ పిల్ల కూడా నవ్వి, "అయ్యో, మీ గొంతుకి ఏమైందండీ?" అంది. అప్పుడు, ఆ క్షణంలో, వాడి ముందు ఒక్క మాట ఉంది. నా పేరు. రెండక్షరాలు. లేచి కుర్చీ అంచున కూర్చున్నాను. వాడు కెమెరా వైపు సూటిగా చూశాడు. నా వైపు చూసినట్టే అనిపించింది.

"వయసమ్మా. వయసు తినేసింది" అన్నాడు.

టీవీ కట్టేశాను. ఆ రోజు తర్వాత వాడి ఇంటి గడప తొక్కలేదు. వాడు కూడా రమ్మని కబురు పెట్టలేదు. ఇప్పుడు చచ్చాక పెళ్లాం చేత పిలిపిస్తున్నాడు.

వెళ్లకూడదనే అనుకున్నాను. తీరా ఆ పూట ఇంట్లో కాలు నిలవలేదు. నల్ల కోటు వేసుకుని వెళ్లాను.

మసీదు ముంగిట్లో పెద్దగా జనం లేరు. ఛానల్ వాళ్లు దండ పంపి, మనుషుల్ని పంపలేదు. పాత చిన్నవేషాల వాళ్లు కొందరు, పేట జనం కొందరు, ఆ డైలాగు అభిమానులు కొందరు. ఆడవాళ్లు వెనక గోడ దగ్గర నిలబడ్డారు. శవపేటిక మీద ఆకుపచ్చ గుడ్డ కప్పి, దాని మీద ఎవరో వాడి మఫ్లరు పెట్టారు. నెబాహత్ నన్ను చూసి తల ఊపింది. ఆమె కళ్లల్లో ఒకటే మాట: చెప్పండి.

ఇమాం కుర్రవాడు. "ఈయన ఎలాంటివాడని ఎరుగుదురు?" అని అడిగాడు.

"మంచివాడని ఎరుగుదుం" అన్నారందరూ. నేను పెదవులు మాత్రం కదిపాను, గొంతు ఇవ్వలేదు. హుర్షిత్ చేసిన పని నేనూ ఒకసారి చేసి చూశాను. ఎంత సుఖమైన పనో అప్పుడు తెలిసింది.

"ఈయన మీద మీకున్న హక్కులు వదులుకుంటున్నారా?"

"హలాల్" అన్నారు.

నెబాహత్ నన్నే చూస్తోంది. నేను పెదవులు కదిపి ఊరుకోవచ్చు. సన్నాయిలా సాగిన ఆ "హలాల్"లో నా గొంతు ఉందో లేదో ఎవరికి తెలుస్తుంది? కానీ కిటికీ దగ్గర పేపరు తిరగేస్తున్న అమ్మ కళ్ల ముందు కదిలింది. ఎవరి హక్కు వాళ్లే వదలాలి. అమ్మ తరఫున చెప్పే అధికారం నాకు లేదు.

"నా వంతు హలాల్" అన్నాను గట్టిగా. "మా అమ్మ వంతు నా దగ్గర లేదు. ఆవిడ ఉన్నచోటికే వెళ్తున్నాడుగా. వెళ్లి కాళ్లు పట్టుకుని అడుక్కోమనండి."

రాతి గోడల మధ్య ఆ గొంతు మోగింది. వయసు దాన్ని తినలేదు. అందరి తలలూ ఒక్కసారిగా తిరిగాయి, నా వైపు కాదు, శవపేటిక వైపు. ఒకావిడ "యా అల్లా!" అని నోరు నొక్కుకుంది. ఇమాం చేతులు గాల్లోనే ఆగిపోయాయి. ఆ తర్వాత గానీ జనం నన్ను వెతికి పట్టుకోలేదు.

ఇమాం గబగబా ప్రార్థన ముగించాడు. పేటికను భుజాలకెత్తారు. నేను పక్కకి తప్పుకున్నాను. అప్పుడు టోపీ పెట్టుకున్న ఒక పెద్దాయన నా దగ్గరికి వచ్చాడు. కళ్లల్లో నీళ్లు తిరుగుతున్నాయి.

"ఎంత బాగా దింపారండీ! అచ్చం ఆయనే! మీరు ఆయన్ని అనుకరించే కళాకారులా?"

నెబాహత్ పక్క నుంచే వెళ్తోంది. ఆ మాట వింది. ఆగింది. ఆ గొంతు నాదేనని ఆమె ఒక్క మాట చెప్తే చాలు. తల మీది గుడ్డ ముందుకు లాక్కుని, పేటిక వెనక నడిచి వెళ్లిపోయింది. మొగుడి పరువు ఆమె మొగుడికే కట్టి పంపించింది.

"పుణ్యం ఉంటుంది, ఒక్కసారి ఆ నవ్వు కూడా నవ్వండి. ఆయనకి వీడ్కోలుగా ఉంటుంది" అని బతిమాలాడు పెద్దాయన.

మాట్లాడితే తిట్టు వస్తుంది. అందుకని నోరు మూసుకుని, చెయ్యి గుండె మీద పెట్టి తల వంచాను. వద్దులెండి అనడానికి మా వాళ్లందరూ చేసేదే.

ఆయన రెండడుగులు వెనక్కి వేశాడు. "ఆగండి. ఆ చెయ్యి... ఆ తల వంచడం... మీరు 'కొండ సత్రం'లో మూగవాడు కదూ!" నా రెండు చేతులూ పట్టేసుకున్నాడు. "ఆ తన్ను తిని మీరు అలా లేచి నిలబడితే మా అమ్మ ఎంత ఏడ్చిందో! ఇంటికొచ్చాక కూడా అన్నం తినలేదు. పోయేదాకా ఆ మూగవాడి గురించే చెప్పేది. ఒక్క మాట లేకుండా అంత వేషం! ఎవరండీ ఆ సినిమా రాసింది?"

నేను తెలియదని అనొచ్చు. వాడు నాకు చేసింది నేను వాడికి చెయ్యడానికి అంతకంటే మంచి అదను మళ్లీ రాదు. పేటిక అప్పటికి గేటు దాటుతోంది. మఫ్లరు జారి ఒక పక్కకి వేలాడుతోంది. మంచి వేషమే రాస్తానన్నాడు. రాశాడు కూడా, దరిద్రుడు.

"వాడే రాశాడు. హుర్షిత్" అన్నాను.

"ఎంత గొప్పవాడండీ!" అని పెద్దాయన కళ్లు తుడుచుకున్నాడు. హుర్షిత్, హుర్షిత్ అని గొణుక్కుంటూ పేటికకు భుజం పట్టడానికి గేటు వైపు పరుగెత్తాడు. నా పేరు అడగలేదు.